మన ఇంటికప్పు ఎంత గాలికి ఆగుతుంది?

"మీ ఇల్లు ఏయే బరువులు మోస్తోందో చెప్పండర్రా!" అని మా తొమ్మిదో తరగతి పిల్లల్ని ఒకసారి అడిగాను.

"మంచాలు, బీరువా" అన్నాడొకడు. "మేం అయిదుగురం, మా మామ్మ" అంది ఒకమ్మాయి. "డాబా మీద నీళ్ల ట్యాంకు" అన్నాడు వెనక బెంచీవాడు. "మరి కప్పు బరువో?" అనేసరికి అందరూ నాలుక కరుచుకున్నారు. "ఇంకా?" అన్నాను. ఎవరూ మాట్లాడలేదు. మా పిఠాపురంలో సాయంత్రమయ్యేసరికి ఉప్పాడ సముద్రం వైపు నుంచి చల్లని గాలి వీస్తుంది. ఆ క్షణాన కూడా అది కిటికీలోంచి వచ్చి నా బల్లమీది కాగితాలు రెపరెపలాడిస్తూనే ఉంది. దాని పేరు మాత్రం ఎవరికీ తట్టలేదు!

గాలిని బరువుల లెక్కలో వేసుకోవాలని నాకు తెలిసి వచ్చింది పుస్తకం చదివి కాదు. 1996 నవంబరు 6వ తేదీ రాత్రి కాకినాడకు దక్షిణాన తుఫాను తీరం దాటింది. కోనసీమ, యానాం ప్రాంతాలు అల్లకల్లోలమయ్యాయి. వేయిమందికి పైగా చనిపోయారు. కొబ్బరితోటలు నేలమట్టమయ్యాయి. నేను అప్పుడే బి.ఇడి. ముగించి ఒక పల్లెటూరి బడిలో కొత్తగా చేరాను. గాలి తగ్గాక బడికి వెళ్లి చూస్తే, ఒక రేకుల గదికి కప్పు లేదు. వాసాలతో సహా లేచిపోయి పక్క పొలంలో తిరగబడి ఉంది. విచిత్రమేమిటంటే నాలుగు గోడలూ నిలబడే ఉన్నాయి. లోపల బెంచీలు వరస తప్పకుండా ఉన్నాయి. తూర్పు గోడకున్న కిటికీకి మాత్రం ఒక రెక్క లేదు. అది అంతకు ముందే ఊడిపోయింది, ఎవరూ పట్టించుకోలేదు.

గాలి పక్కనుంచి తోసేది కదా! తోస్తే గోడ పడాలి. మరి గోడ పడకుండా కప్పు పైకెందుకు లేచింది? ఈ ప్రశ్నకు జవాబు తెలుసుకుంటే, ఇల్లు కట్టేవాళ్లు ఏ లెక్కలు వెయ్యాలో మీకే తెలుస్తుంది.

బరువులు ఎన్ని రకాలు?

ఏ కట్టడానికైనా మొదటి బరువు దాని సొంత బరువే. గోడలు, దూలాలు, శ్లాబు - ఇవి కట్టిన రోజు నుంచి కూల్చే రోజు దాకా కదలవు. దీన్ని స్థిరభారం అంటారు. ఒక ఘనమీటరు కాంక్రీటు సుమారు 2,500 కిలోలు తూగుతుంది. మామూలు డాబా శ్లాబు 10 సెంటీమీటర్ల మందం ఉందనుకోండి. చదరపు మీటరుకు 250 కిలోలన్నమాట!

రెండోది వచ్చిపోయే బరువు. మనుషులు, సామాన్లు, పెళ్లిరోజు చుట్టాలు, ధాన్యం బస్తాలు. దీన్ని చరభారం అంటారు. ఇది ఇవాళ ఉన్నట్టు రేపుండదు. అందుకని ఇల్లు కట్టేటప్పుడే "ఇంతకు తక్కువ కాకుండా లెక్కవెయ్యాలి" అని ఒక కనీస హద్దు పెట్టారు. మన దేశంలో ఆ హద్దులన్నీ ఐ.ఎస్. 875 అనే ప్రమాణ గ్రంథంలో ఉన్నాయి. అప్పటి భారత ప్రమాణాల సంస్థ దాన్ని మొదట 1957లో ప్రకటించింది. 1964లో సవరించింది. 1987లో అయిదు భాగాలుగా విస్తరించింది. గాలికి సంబంధించిన మూడో భాగాన్ని 2015లో మళ్లీ సవరించారు.

ఆ గ్రంథం ప్రకారం నివాసపు గదుల నేల చదరపు మీటరుకు సుమారు 200 కిలోలు మొయ్యాలి. బడిలో తరగతి గది నేలయితే 300 కిలోలు.

"అంత ఎందుకండీ? మా తరగతిలో అరవైమందిమే కదా!" అంటారేమో. సరే, లెక్క చూద్దాం. గది పొడవు 10 మీటర్లు, వెడల్పు 6 మీటర్లు. వైశాల్యం 60 చదరపు మీటర్లు. చదరపు మీటరుకు 300 కిలోల చొప్పున 18,000 కిలోలు. మీరు అరవైమంది తలా 45 కిలోలున్నా మొత్తం 2,700 కిలోలే. కాని తుఫాను రోజున మన డెల్టా ఊళ్లలో జనమంతా చేరేది బడి మేడమీదికే కదా! తలా 60 కిలోల మనుషులు 300 మంది ఆ గదిలో కిక్కిరిసి నిలబడితే ఎంత? సరిగ్గా 18,000 కిలోలు! బెంచీలు వరసగా వేసి ఉన్న రోజును బట్టి కాదు, ఎన్నడో ఒకనాడు వచ్చే ఆ రోజును బట్టి లెక్క వెయ్యాలి. కనీస భారం అనే మాటలోని అర్థం ఇదే.

గాలికి బరువుంటుందా?

ఉంటుంది. ఒక ఘనమీటరు గాలి సుమారు 1.2 కిలోలు తూగుతుంది. కదలకుండా ఉన్నంతసేపూ మనకేమీ తెలియదు. కదిలే గాలిని గోడ ఆపితే మాత్రం, దాని గతిశక్తి పీడనంగా మారి గోడను తోస్తుంది. మీరు గతిశక్తికి నేర్చుకున్న సూత్రం గుర్తుంది కదా - ద్రవ్యరాశిలో సగాన్ని వేగపు వర్గంతో హెచ్చవేయాలి. ఇక్కడ ద్రవ్యరాశికి బదులు సాంద్రత పెట్టుకోండి. 1.2లో సగం 0.6. కాబట్టి,

గాలి పీడనం = 0.6 × వేగం × వేగం

వేగాన్ని సెకనుకు మీటర్లలో తీసుకుంటే పీడనం చదరపు మీటరుకు ఇన్ని న్యూటన్లని వస్తుంది. పది న్యూటన్లంటే సుమారు ఒక కిలో బరువు. ఇంజనీర్లు వాడే సూత్రం కూడా ఇదే!

సెకనుకు 10 మీటర్ల గాలి, అంటే గంటకు 36 కిలోమీటర్లు. గొడుగు పట్టుకు నిలబడలేని గాలి. పీడనం 60 న్యూటన్లు, అంటే చదరపు మీటరుకు 6 కిలోలు. వేగం రెట్టింపై 20 మీటర్లయితే పీడనం రెట్టింపవుతుందా? కాదు. 240 న్యూటన్లు - నాలుగు రెట్లు. వేగం 50 మీటర్లయితే? 0.6 × 50 × 50 = 1,500 న్యూటన్లు, అంటే చదరపు మీటరుకు 150 కిలోలు! వేగం అయిదు రెట్లయితే పీడనం ఇరవై అయిదు రెట్లయింది. గాలికి ఎదురుగా ఉన్న మీ ఇంటి తలుపు వైశాల్యం రెండు చదరపు మీటర్లుంటే, దాన్ని 300 కిలోల బలంతో తోస్తున్నట్టే. అయిదుగురు పెద్దవాళ్లు తలుపుమీద ఒరిగిపోయినట్టు అనుకోండి.

అందుకే రేడియోలో "గంటకు 90 కిలోమీటర్ల వేగం" అన్నదానికీ "180 కిలోమీటర్ల వేగం" అన్నదానికీ తేడా రెండింతలని పొరబడకూడదు. దెబ్బ నాలుగింతలు!

కప్పు పైకి ఎందుకు లేచింది?

ఇప్పుడు మన పాత ప్రశ్నకు వద్దాం. గాలి గోడకు కొట్టుకుని ఆగిపోదు. పక్కలకూ పైకీ దారి వెతుక్కుంటుంది. గోడ నెక్కి కప్పు అంచును దాటేటప్పుడు గభాలున పైకి ఎగసి, కప్పును అంటిపెట్టుకోకుండా దూరంగా సాగిపోతుంది. కప్పుకూ ఆ ప్రవాహానికీ మధ్య సుడులు తిరిగే చోటొకటి ఏర్పడుతుంది. అక్కడ పీడనం బాగా తగ్గిపోతుంది. అంటే కప్పును పైనుంచి ఎవరో పీలుస్తున్నట్టవుతుంది. ఈ పీల్పు అంచుల దగ్గరా మూలల దగ్గరా మరీ ఎక్కువ. రేకులు ఎప్పుడూ మూలనుంచే లేవడం మీరు గమనించే ఉంటారు.

ఇక రెండో కారణం ఆ ఊడిన కిటికీ రెక్క. గాలికి ఎదురుగా ఉన్న గోడలో కంత ఉంటే గాలి లోపలికి దూరుతుంది. వెళ్లడానికి దారి లేక గదిని బుడగలాగా ఉబ్బిస్తుంది. అప్పుడు కప్పును పైనుంచి పీల్పు లాగుతోంది, కిందినుంచి గది గాలి తోస్తోంది. రెండు బలాలూ ఒకే వైపుకు! మా బడి గదిలో జరిగింది ఇదే. గోడలు నిలబడినా కప్పు ఎగిరిపోయింది.

ఎంత బలం? ఉరామరికగా లెక్క వేద్దాం. గది పొడవు 6 మీటర్లు, వెడల్పు 4 మీటర్లు. కప్పు వైశాల్యం 24 చదరపు మీటర్లు. గాలి వేగం సెకనుకు 50 మీటర్లు. పైనుంచి పీల్పు 1,500 న్యూటన్లు అనుకుందాం. కిందినుంచి తోపు అందులో సగం, 750. మొత్తం చదరపు మీటరుకు 2,250 న్యూటన్లు. దీన్ని 24తో హెచ్చవేస్తే 54,000 న్యూటన్లు. అంటే 5,400 కిలోలు!

ఇక కప్పు బరువు చూద్దాం. సిమెంటు రేకులు, వాటి కింద కర్రలు కలిపి చదరపు మీటరుకు 25 కిలోలనుకున్నా మొత్తం 600 కిలోలే. బంగాళా పెంకులకప్పు చదరపు మీటరుకు 65 కిలోల చొప్పున 1,560 కిలోలు. శ్లాబు 6,000 కిలోలు. చూశారా! రేకుల కప్పుకు సొంత బరువు పోగా ఇంకా 4,800 కిలోల బలం మిగిలిపోయింది. దాన్ని ఆపవలసింది హుక్కులూ బోల్టులూ మాత్రమే. మొత్తం 48 హుక్కులుంటే ఒక్కోదాని మీద 100 కిలోలు. తుప్పుపట్టి సగం ఊడిపోతే మిగిలినవాటి మీద 200 కిలోలు. ఒక హుక్కు తెగితే దాని భారం పక్కదాని మీద పడుతుంది. అది తెగితే ఆ పక్కదాని మీద. అందుకే కప్పు కొంచెం కొంచెంగా పోదు, క్షణంలో పోతుంది.

"శ్లాబు 6,000 కిలోలుంది కదా, 5,400కు భయమేమిటి?" అని మీలో తెలివైనవాళ్లు అడుగుతారు. ఇంజనీర్లు అంత సుళువుగా ఒప్పుకోరు. కప్పును కింద పట్టి ఉంచే బరువును తగ్గించి, పదింట తొమ్మిది వంతులే నమ్ముతారు: 5,400. లేపే బలాన్ని మాత్రం ఒకటిన్నర రెట్లు చేస్తారు: 8,100. మిగిలిన 2,700 కిలోలనూ శ్లాబును దూలాలకూ స్తంభాలకూ కలిపే ఇనుప చువ్వలు పట్టి ఉంచాలి. మంచి మేస్త్రీ శ్లాబు చువ్వల్ని దూలంలోకి వంచి కట్టేది ఊరికే కాదు.

50 మీటర్ల వేగం ఎక్కడిది?

లెక్కలో 50 మీటర్లని తీసుకున్నాం. అది నేను కల్పించిన సంఖ్య కాదు. ఐ.ఎస్. 875లో దేశపటాన్ని గాలి వేగాలను బట్టి ఆరు మండలాలుగా విభజించారు: సెకనుకు 33, 39, 44, 47, 50, 55 మీటర్లు. మన కోస్తా తీరం 50 మీటర్ల మండలంలో ఉంది. అంటే గంటకు 180 కిలోమీటర్లు. నేలకు 10 మీటర్ల ఎత్తున మూడు సెకన్లపాటు సాగే గాలి విసురు వేగమిది. దీన్ని ఆధారంగా తీసుకుని, ఇల్లు ఎంత ఎత్తు, చుట్టూ ఇళ్లున్నాయా, బట్టబయలా, ఇల్లు గుట్టమీద ఉందా అన్నవాటిని బట్టి హెచ్చించో తగ్గించో వాడాలి. పొలాల మధ్య ఒంటరిగా ఉన్న ఇంటికీ, పేట నడుమ ఉన్న ఇంటికీ ఒకే దెబ్బ తగలదు కదా!

ఇది సగటున 50 ఏళ్లకు ఒకసారి వచ్చే గాలి. ఇక్కడ ఒక చిక్కుంది. 50 ఏళ్లకు ఒకసారి అంటే, నిన్న వచ్చింది కాబట్టి ఇంకో 50 ఏళ్లు నిశ్చింత అని కాదు. ప్రతి ఏడూ ఆ గాలి వచ్చే అవకాశం యాభైలో ఒక వంతు. రాకుండా ఉండే అవకాశం 0.98. రెండేళ్లూ రాకుండా ఉండాలంటే 0.98 × 0.98. అలా 50 సార్లు హెచ్చవేస్తే వచ్చేది సుమారు 0.36. అంటే ఒక ఇల్లు 50 ఏళ్లు నిలిస్తే, ఆ గాలిని కనీసం ఒకసారైనా చూసే అవకాశం నూటికి 64 వంతులు! "మన తరంలో రాదులే" అనుకోవడానికి వీల్లేదన్నమాట.

2014 అక్టోబరు 12న హుద్‌హుద్ తుఫాను విశాఖపట్నం దగ్గర తీరం దాటింది. గాలులు గంటకు 180 కిలోమీటర్ల దాకా వీచాయి. విమానాశ్రయం పైకప్పు కూడా బాగా దెబ్బతిన్నది. పటంలో అచ్చువేసిన సంఖ్య మన కళ్ల ముందే నిజమైంది.

ఆ తరువాత వెలువడిన 2015 సవరణలో తూర్పుతీరం వెంబడి 60 కిలోమీటర్ల వెడల్పు పట్టీకి ఒక ప్రత్యేక నియమం చేర్చారు. మన పిఠాపురం, సామర్లకోట, కాకినాడ, అమలాపురం అన్నీ ఆ పట్టీలోవే. తుఫాను వెలిసిన తరువాత కూడా పనిచెయ్యవలసిన కట్టడాలు కొన్ని ఉంటాయి: ఆస్పత్రులు, బడులు, తుఫాను షెల్టర్లు, సమాచార టవర్లు. వీటికి గాలి వేగాన్ని 1.3తో హెచ్చవేసి లెక్క వెయ్యాలి. 50ని 1.3తో హెచ్చవేస్తే 65. పీడనమో? 0.6 × 65 × 65 = 2,535 న్యూటన్లు. మామూలు ఇంటికి వాడే 1,500 కన్న సుమారు 70 శాతం ఎక్కువ. వేగం పెరిగింది 30 శాతమే. భారం 70 శాతం. వర్గం చేసే మాయ ఇది!

ఒక వంతెన నేర్పిన పాఠం

గాలిని లెక్కలో వేసుకోకపోవడం మనకే కాదు, పూర్వం గొప్ప దేశాలకూ అనుభవమే. స్కాట్లండులో టే నదిమీద సర్ థామస్ బౌచ్ అనే ఇంజనీరు పెద్ద రైలు వంతెన కట్టాడు. 1879 డిసెంబరు 28 రాత్రి పెనుగాలి వీస్తుండగా రైలు వంతెన మీదికి వచ్చింది. వంతెన నడిమి భాగం రైలుతో సహా నదిలో కూలిపోయింది. రైల్లో ఉన్నవారిలో ఒక్కరూ బతకలేదు. విచారణలో తేలిందేమిటంటే, గాలి భారం కోసం ఆయన ప్రత్యేకంగా ఏమీ లెక్క వెయ్యనే లేదు!

ఆ తరువాత బ్రిటిషు వంతెనలకు చదరపు అడుగుకు 56 పౌండ్ల గాలి పీడనం లెక్కించాలని నిర్ణయించారు. అంటే చదరపు మీటరుకు సుమారు 273 కిలోలు. అలా లెక్కకట్టి నిర్మించిన ఫోర్త్ వంతెన 1890లో పూర్తయింది. అది నేటికీ రైళ్లను మోస్తోంది. ప్రమాణ గ్రంథాల్లోని ఒక్కొక్క అంకె వెనకా ఇలాంటి దుఃఖం ఒకటి ఉంటుంది.

మన గోదావరి తీరానికి ఆ దుఃఖం కొత్తది కాదు. కాకినాడ దగ్గరి కోరంగి ఒకప్పుడు గొప్ప ఓడరేవు. 1789లోనూ, మళ్లీ 1839 నవంబరులోనూ వచ్చిన ఉప్పెనలు దాన్ని ధ్వంసం చేశాయి. కలకత్తాలో ఉంటూ ఇలాంటి బంగాళాఖాతపు తుఫానులను పరిశీలించిన హెన్రీ పిడింగ్టన్ అనే ఆయనే 1840ల్లో "సైక్లోన్" అనే మాటను పుట్టించాడు. పాము చుట్ట చుట్టుకున్నట్టు గాలి తిరుగుతుందని ఆయన భావం.

గాలికన్న బలమైనది నీరు

1977 నవంబరు 19న దివిసీమను ముంచిన ఉప్పెనలో సుమారు 10,000 మంది ప్రాణాలు కోల్పోయారు. చాలామందిని చంపింది గాలి కాదు, నీరు. దానికీ లెక్క ఉంది. నీటి సాంద్రత ఘనమీటరుకు 1,000 కిలోలు - గాలికన్న 800 రెట్లకు పైగా ఎక్కువ. సూత్రం అదే. సెకనుకు 3 మీటర్ల వేగంతో, అంటే మీరు మెల్లగా పరుగెత్తే వేగంతో నీళ్లు వచ్చాయనుకోండి. 1,000లో సగం 500. దాన్ని 3 × 3తో హెచ్చవేస్తే 4,500 న్యూటన్లు. సెకనుకు 50 మీటర్ల పెనుగాలి కన్న ఇది మూడు రెట్లు! అందుకే తీరంలోని తుఫాను షెల్టర్లను ఎత్తయిన స్తంభాలమీద కట్టి, కింద గోడలు లేకుండా వదిలేస్తారు. నీటిని ఎదిరించకుండా దారి ఇవ్వడమే అక్కడి ఉపాయం.

ఇక భూకంపానికి మరో ప్రమాణం ఉంది. అది 1962లో మొదట వెలువడింది. భూమి కదిలినప్పుడు ఇంటిమీద పడే బలం దాని సొంత బరువును బట్టి ఉంటుంది. బరువైన కప్పు గాలికి మంచిది, భూకంపానికి చెడ్డది. కాబట్టి ఊరికే బరువు పెంచుకుంటూ పోతే సరిపోదు. కప్పును గోడకు, గోడను పునాదికి గట్టిగా ముడివెయ్యడమే రెండింటికీ మందు.

చుట్టిల్లు చెప్పే రహస్యం

ఉత్తర కోస్తా పల్లెల్లో పూర్వం చుట్టిళ్లు ఉండేవి. గుండ్రని మట్టిగోడ, శంకువులాంటి తాటాకు కప్పు, నేలకు దగ్గరగా దిగిన చూరు. గుండ్రని గోడకు మూలలుండవు. గాలి సాఫీగా చుట్టుతిరిగి పోతుంది. కప్పుకు నాలుగువైపులా వాలే కాని, నిటారుగా నిలబడి దెబ్బతినే ముక్కోణపు గోడ ఉండదు. చూరు పొట్టిది కాబట్టి గాలికి కిందినుంచి పట్టు దొరకదు. మన పెద్దలు సూత్రాలు రాయలేదు కాని, ఎగిరిపోయిన ఇళ్లను చూసి నిలిచిన ఇళ్లను అనుకరించారు. అదీ విజ్ఞానమే. అయితే పూరిల్లు ఎంత తెలివిగా కట్టినా పెనుతుఫానుకు చాలదు. హెచ్చరిక రాగానే షెల్టరుకు పోవలసిందే.

కనీసం అంటే చాలునని కాదు

పదో తరగతిలో పాసు మార్కులు 35. అవి తెచ్చుకున్నవాడు తప్పలేదు, అంతే. ఇల్లు కట్టేటప్పుడు కనీస భారం కూడా అలాంటిదే. దానికి తగ్గితే తప్పినట్టు. దాన్ని అందుకుంటే గట్టెక్కినట్టు. అయితే మన ఊళ్లలో ఎన్నో ఇళ్లు ఇంజనీరు చూడకుండానే లేస్తాయి. మేస్త్రీ అనుభవమే గ్రంథం. అనుభవం మంచిదే కాని, 50 ఏళ్లకు వచ్చే గాలిని ఆయన తన పని జీవితంలో చూసి ఉండకపోవచ్చు. ఆ లోటు తీర్చేదే లెక్క.

మా పిల్లలకు ఆ రోజు ఇంటిపనిగా ఇదే ఇచ్చాను. మీరూ చెయ్యండి. పెద్దవాళ్లను తోడు తీసుకుని, కప్పుమీదికి ఎక్కకుండా కిందినుంచే చూడండి:

1. రేకుల ఇల్లయితే హుక్కులు ఎన్ని ఉన్నాయి? తుప్పుపట్టినవి ఎన్ని? లేనివి ఎన్ని? మూలల్లో, అంచుల్లో దగ్గర దగ్గరగా ఉన్నాయా?

2. వాసాలు గోడమీద ఊరికే కూర్చున్నాయా, లేక గోడలో దింపిన ఇనుప బద్దీలతో బిగించారా?

3. తలుపులకు, కిటికీలకు రెక్కలూ గడియలూ సరిగా ఉన్నాయా?

4. చూరు గోడ దాటి ఎంత బయటికి వచ్చింది? అర మీటరు దాటితే గాలికి పట్టు ఇచ్చినట్టే.

మర్నాడు ఒక కుర్రాడు లెక్క రాసుకొచ్చాడు: "మొత్తం 40 ఉండాలి మాస్టారూ, 13 లేవు." తండ్రి చేత ఆ ఆదివారమే కొత్త హుక్కులు వేయించాడు. వాటి ఖర్చు ఒక రేకు ఖరీదంత కూడా కాలేదట!

ఒక చిన్న ప్రయోగం

చెప్పుల అట్టపెట్టె ఒకటి తీసుకోండి. మూత తీసేసి, దాని బదులు పైన సరిగ్గా సరిపోయే పలచని అట్టను ఊరికే పెట్టండి. ఇదే మన రేకుల కప్పు. టేబుల్ ఫ్యాను ఎదురుగా పెట్టి తిప్పండి. అట్ట ఎగరకుండా ఉండాలంటే దానిమీద ఎన్ని రూపాయి బిళ్లలు పెట్టాలో లెక్కించండి. ఇప్పుడు ఫ్యానుకు ఎదురుగా ఉన్న పక్కన అగ్గిపెట్టెంత కిటికీ కోయండి. మళ్లీ బిళ్లలు లెక్కపెట్టండి. తరువాత అదే కిటికీని కాగితం అంటించి మూసెయ్యండి. మూడు సంఖ్యలనూ పక్కపక్కన రాసి చూడండి. మా బడిలో ఊడిన ఆ కిటికీ రెక్క ఖరీదెంతో మీకే తెలుస్తుంది.

చివరగా ఒక హెచ్చరిక. తుఫాను రాత్రి పెనుగాలి వీచి వీచి హఠాత్తుగా ఆగిపోతే గండం గడిచిందని బయటికి రాకండి. మీరు తుఫాను కన్ను కింద ఉన్నారేమో! కొంతసేపటికి గాలి వచ్చిన దిక్కుకు ఎదురుదిక్కు నుంచి అంతే జోరుగా మొదలవుతుంది. మొదటి గాలికి వదులైన కప్పును ఆ రెండో గాలి లేపుతుంది. ఇల్లు గట్టిదయినా కాకపోయినా, గాలి పూర్తిగా తగ్గిందని అధికారులు చెప్పేదాకా లోపలే ఉండాలి.

ఈసారి ఎవరైనా "మీ ఇల్లు ఏయే బరువులు మోస్తోంది?" అని అడిగితే, మంచం, బీరువా, మామ్మలతో పాటు గాలిని కూడా చెప్పడం మరిచిపోరు కదూ!